గుల్మార్గ్‌లో స్కీయింగ్: సొంత శిక్షకుడి దగ్గర నేర్చుకునే పద్ధతి

శీతకాలంలో కశ్మీర్ వెళ్ళే తెలుగు కుటుంబాలు చాలావరకు గుల్మార్గ్‌కు ఒక్క పగలే కేటాయిస్తాయి. ఉదయం శ్రీనగర్‌లో బయలుదేరి, గొండోలా అనే తీగమార్గపు పెట్టె ఎక్కి దిగి, మంచు మీద జారే పొడవైన పలకలైన స్కీలు అద్దెకు తెచ్చి తొడుక్కొని, ఎవరో ఒకరు ముందు నిలబడి కర్రలు పట్టుకొని లాగుతుంటే వంద గజాలు జారి, ఫొటోలు తీసుకొని చీకటి పడేలోగా తిరిగి వెళ్తాయి. ఆ గంటకు ఇచ్చే డబ్బు తక్కువేమీ కాదు, కానీ అది మంచు మీద సవారీ మాత్రమే, అందులో నేర్చుకోవడం ఉండదు. అదే కుటుంబం గుల్మార్గ్‌లోనే మూడు రాత్రులు ఉండి, రోజుకు రెండు గంటల చొప్పున ఒక మంచి శిక్షకుడి దగ్గర పాఠం తీసుకుంటే, ఆరోగ్యంగా ఉన్న పెద్దవారిలో చాలామంది మూడో రోజుకు చిన్న వాలు మీద తమంతట తాము ఆగగలుగుతారు, తిరగగలుగుతారు. అలా మూడు రోజులు ఉండదలచినవారి కోసమే ఈ వివరాలు రాస్తున్నాను.

గుల్మార్గ్ సముద్రమట్టానికి దాదాపు 2,650 మీటర్ల ఎత్తున ఉంది. శ్రీనగర్ నుంచి సుమారు 50 కిలోమీటర్లు. టంగ్‌మర్గ్ దాటాక ఘాట్ మొదలవుతుంది, మంచు కురిసిన రోజుల్లో అక్కడి నుంచి చక్రాలకు గొలుసులు కట్టిన వాహనాల్లోనే పైకి వెళ్ళాలి కాబట్టి, మొదటి రోజు మధ్యాహ్నానికే పాఠం కుదుర్చుకోవద్దు. ఆ పూట చేరుకోవడానికి, సామాను సర్దుకోవడానికి, ఎత్తుకు శరీరం అలవాటు పడడానికి సరిపోతుంది. కశ్మీరీలు చిల్లై కలాన్ అని పిలిచే నలభై రోజుల తీవ్రమైన చలికాలం డిసెంబర్ 21న మొదలవుతుంది. మంచు అప్పుడే దండిగా ఉంటుందని అనుకుంటాం కానీ, 2024 జనవరిలో చాలా రోజుల పాటు గుల్మార్గ్ మైదానాలు మంచు లేక ఎండుగడ్డితో కనిపించాయి. సంక్రాంతి సెలవుల కంటే ఫిబ్రవరిని ఎంచుకోవడం మేలని నా అభిప్రాయం. మరో చిన్న విషయం: మన రాష్ట్రాల ప్రీపెయిడ్ సిమ్ జమ్మూ కశ్మీర్‌లో పనిచేయదు. శిక్షకుడితో ఫోన్‌లో మాట్లాడుకోవాలంటే కుటుంబంలో ఒకరికైనా పోస్ట్‌పెయిడ్ ఉండాలి.

వారం, రెండు వారాల సమయం ఉన్నవారికి సొంత శిక్షకుడు అవసరం లేదు. గుల్మార్గ్‌లో కేంద్ర పర్యాటక శాఖ కింద నడిచే స్కీయింగ్, పర్వతారోహణ సంస్థ శిక్షణ తరగతులు నిర్వహిస్తుంది. ఉత్తరాఖండ్‌లోని ఔలీలో గఢ్వాల్ మండల్ వికాస్ నిగమ్ ఏడు రోజుల, పద్నాలుగు రోజుల శిక్షణలు ఇస్తుంది. బృందంతో కలిసి క్రమశిక్షణగా నేర్చుకోవడానికి అవే ఉత్తమం. మూడు నాలుగు రోజులే ఉన్నవారికి మాత్రం సొంత పాఠం లాభిస్తుంది, ఎందుకంటే పదిమంది వరుసలో మన వంతు కోసం చలిలో నిలబడే సమయం మిగులుతుంది, మన తప్పు జరిగిన క్షణంలోనే దిద్దే మనిషి పక్కన ఉంటాడు. అయితే వంతు కోసం ఆగడం లేకపోతే విశ్రాంతి కూడా ఉండదు. అలవాటు లేని తొడలు రెండు గంటలకే వణకడం మొదలుపెడతాయి, అలసిన కాళ్ళు ఏదీ నేర్చుకోవు. అందుకే ఒకే రోజు ఆరు గంటలు తీసుకోవడం కంటే మూడు రోజులు రెండేసి గంటలు తీసుకోవడం ఎంతో ఉపయోగకరం. రాత్రి గడ్డకట్టిన మంచు కాస్త మెత్తబడే పది, పదకొండు గంటల సమయం కొత్తవారికి అనుకూలంగా ఉంటుంది.

ఖర్చు తగ్గుతుందని నలుగురికి కలిపి ఒకే శిక్షకుణ్ణి పెట్టుకోవడం చాలామంది చేసే పొరపాటు. ఒకే వయసు, ఒకే స్థాయి ఉన్న ఇద్దరు పంచుకోవచ్చు. తల్లిదండ్రులు, పిల్లలు కలిస్తే మాత్రం శిక్షకుడి దృష్టంతా పడిపోయిన పిల్లవాడి మీదే ఉంటుంది, పెద్దవారు నిలబడి చూడవలసి వస్తుంది. పైగా తల్లి భయపడుతుంటే పిల్లలూ భయపడతారు. పిల్లలకు ఒక గంట, పెద్దలకు వేరే గంట పెట్టడం ఉత్తమం.

శిక్షకుణ్ణి ఎంచుకునేటప్పుడు వాహనం దిగగానే చుట్టుముట్టినవారితో బేరం మొదలుపెట్టకుండా, బస చేసిన హోటల్‌ను, స్కీలు అద్దెకిచ్చే దుకాణాన్ని, పైన చెప్పిన సంస్థను అడిగి ఇద్దరు ముగ్గురి వివరాలు తీసుకోండి. పర్యాటక శాఖ నమోదు కార్డు ఉందా, ఏ శిక్షణలు పూర్తి చేశారు, బోధన పద్ధతిలో శిక్షణ పొందారా, ఇప్పటివరకు ఎక్కువగా కొత్తవారికి నేర్పారా లేక అనుభవజ్ఞులకు దారి చూపే గైడ్‌గా పనిచేశారా అని అడగడంలో మొహమాటం వద్దు. బాగా స్కీ చేయగలగడం వేరు, బాగా నేర్పగలగడం వేరు. రెండు పాదాలూ ఒకే పలకకు కట్టుకొని జారే స్నోబోర్డు నేర్చుకోవాలంటే స్నోబోర్డు నేర్పే మనిషినే వెతకాలి, రెండింటి కదలిక పూర్తిగా వేరు. మన వయసు, బరువు, పాత దెబ్బలు, మోకాళ్ళ పరిస్థితి గురించి తనంతట తాను ప్రశ్నలు వేసే శిక్షకుణ్ణి నేను ఎక్కువగా నమ్ముతాను. మొదటి గంటలోనే గొండోలా ఎక్కిస్తానని ఊరించేవారికి దూరంగా ఉండండి.

మాట్లాడుకున్న షరతులను ఫోన్ సందేశంలో పెట్టుకోవడం ఇద్దరికీ మంచిది: గంటకు ఎంత, గంట ఎప్పటి నుంచి లెక్క, స్కీలు, బూట్లు, హెల్మెట్ అద్దె అందులో కలిసిందా, లిఫ్టు టికెట్టు ఎవరిది, మంచు తుఫాను వస్తే డబ్బు తిరిగి ఇస్తారా లేక మరో రోజుకు మారుస్తారా. బూట్లు సరిచూసుకోవడానికే అరగంట పడుతుంది కనుక ఆ పని ముందు రోజు సాయంత్రం ముగించుకోవాలి. భాష విషయానికి వస్తే, అక్కడి శిక్షకులు హిందీ, ఉర్దూ బాగా మాట్లాడతారు కాబట్టి హైదరాబాద్ వారికి చిక్కు లేదు. హిందీ అంతగా రానివారు మాత్రం ఆగు, వంగు, ముందుకు చూడు, ఎడమ, కుడి, కూర్చో అనే అర డజను మాటలకు ఏ పదాలు వాడాలో పాఠానికి ముందే తేల్చుకోవాలి. జారుతున్నప్పుడు అర్థం వెతుక్కునే సమయం ఉండదు.

మొత్తం సామగ్రిలో బూట్లే ముఖ్యం, కాబట్టి వీటి దగ్గర తొందరపడవద్దు. నేను మొదటిసారి హాయిగా ఉన్నాయని ఒక సైజు పెద్ద బూట్లు తీసుకొని, రెండు జతల ఉన్ని మేజోళ్ళు తొడిగి, రెండు గంటల పాటు స్కీలు నా మాట వినడం లేదని బాధపడ్డాను. లోపల పాదం కదులుతుంటే మన కదలిక స్కీ దాకా చేరదు. స్కీ బూట్ల కొలత పాదం పొడవును సెంటీమీటర్లలో చెబుతుంది. ఇంట్లోనే మడమను గోడకు ఆనించి, కాగితం మీద పెద్ద వేలి కొస దగ్గర గీత గీసి కొలుచుకుంటే ఆ అంకె చేతిలో ఉంటుంది. బూటు తొడిగి నిటారుగా నిలబడినప్పుడు కాలివేళ్ళు ముందు గోడకు కొద్దిగా తగలాలి. మోకాళ్ళు ముందుకు వంచగానే వేళ్ళు వెనక్కి జరగాలి, మడమ మాత్రం లేవకూడదు. మేజోడు ఒక్కటే, పలుచగా, పిక్కల పైదాకా ఉండాలి. ప్యాంటు అంచు బూటులోకి దూరితే గంటలోనే కాలి ఎముక మీద పుండు పడుతుంది. అద్దె దుకాణంలో తొందరపెట్టినా, మరో జత, ఇంకో జత వేసి చూడండి.

కొత్తవారికి స్కీ పొడవు గడ్డం, ముక్కు మధ్యకు వస్తే చాలు, పొట్టి స్కీ సులభంగా తిరుగుతుంది. బూటును స్కీకి పట్టి ఉంచే బైండింగ్, పడినప్పుడు బూటును వదిలేయాలి, లేకపోతే మెలిక మోకాలి మీద పడుతుంది. అది ఎంత బలానికి వదలాలన్నది మన బరువు, ఎత్తు, వయసు, బూటు అడుగు పొడవు, అనుభవాన్ని బట్టి దుకాణంవారు బైండింగ్ మీది అంకెను తిప్పి పెట్టాలి. బరువు తగ్గించి చెప్పడం ఇక్కడ ప్రమాదకరం. మనకు ముందు వాడినవారి అమరికతోనే స్కీలు చేతిలో పెడితే, మార్చమని అడిగి, శిక్షకుడి చేత కూడా చూపించుకోండి.

దుస్తుల్లో జీన్స్ పనికిరాదు, తడిస్తే ఆరదు. నీరు పట్టని ప్యాంటు, చేతితొడుగులు, మంచు కళ్ళద్దాలు, హెల్మెట్ ఉండాలి. తాజా మంచు సూర్యుని అతినీలలోహిత కిరణాలను 80 శాతం వరకు తిప్పికొడుతుంది కాబట్టి మబ్బు రోజైనా ముఖానికి, గడ్డం కిందికి కూడా సన్‌స్క్రీన్ రాసుకోవాలి.

ఇక మొదటి పాఠం. మంచి శిక్షకుడు మొదట చదునైన చోట ఒక స్కీతో నడిపిస్తాడు, తరువాత రెండింటితో. వాలుకు అడ్డంగా నిలబడి మెట్లు ఎక్కినట్టు పక్కకు అడుగులు వేస్తూ పైకి వెళ్ళడం, పడడం, లేవడం చేయిస్తాడు. ఇవి డబ్బు దండగ అనిపిస్తాయి, కావు. పడబోతున్నామని తెలిసినప్పుడు చేతులు చాపకుండా పక్కకు, తుంటి మీదికి కూర్చోవాలి. లేచేటప్పుడు స్కీలు మన కిందివైపు, వాలుకు అడ్డంగా ఉండాలి, లేకపోతే సగం లేవగానే మళ్ళీ జారిపోతాయి. ఆ తరువాత వచ్చేది అసలైన విద్య: స్కీల ముందు కొసలు దగ్గరగా, వెనుక కొసలు దూరంగా, పూరింటి కప్పు ఆకారంలో పెట్టి, మడమలను బయటికి నెట్టడం. దీన్ని స్నోప్లౌ అంటారు, పిల్లలకు పిజ్జా ముక్క అని చెబుతారు. స్కీల లోపలి అంచులు మంచును గీరుతాయి, వేగం తగ్గుతుంది, ఇంకా వెడల్పు చేస్తే ఆగిపోతాం. ఈ ఆగడం పదిసార్లలో పదిసార్లూ వచ్చేవరకు మలుపులు నేర్పవద్దని మీరే శిక్షకుణ్ణి అడగండి.

ఇక్కడ అందరికీ ఎదురయ్యే అడ్డంకి భయమే. వాలు చూడగానే శరీరం వెనక్కి వాలుతుంది. బరువు స్కీల వెనుక భాగం మీద పడగానే ముందు కొసలకు మంచు మీద పట్టు పోతుంది, అవి మన మాట వినవు, వేగం పెరుగుతుంది, దానితో భయం ఇంకా పెరుగుతుంది. మందు ఒక్కటే, కాలి ముందు ఎముకను బూటు నాలుకకు ఎప్పుడూ ఒత్తి ఉంచడం. చేతులు పెళ్ళిలో తాంబూలం పళ్ళెం పట్టుకున్నట్టు ముందుకు ఉంచి, కళ్ళు స్కీల మీద కాకుండా వెళ్ళవలసిన చోట నిలపాలి. మలుపు కూడా ఇందులో నుంచే వస్తుంది: కుడి స్కీ మీద బరువు పెంచితే ఎడమకు తిరుగుతాం, ఎడమ మీద పెంచితే కుడికి. శిక్షకుడు మన ముందు వెనక్కి జారుతూ చేతులు పట్టుకోవడం మొదటి రెండుసార్లకు సరే, ఆ తరువాత వదిలేయమనాలి. చేయి పట్టుకుని దిగినంతసేపూ మన కాళ్ళకు ఆగే పని తెలియదు.

స్నోబోర్డులో మొదటి రోజు స్కీయింగ్ కంటే కష్టంగా ఉంటుంది, ఎక్కువసార్లు పడతాం. ఏ కాలు ముందుండాలన్నది మొదట తేల్చుకొని, రెండు పాదాలూ కట్టుకొని, మడమల వైపు అంచు మీద నిలబడి, రాలే ఆకులా అటూ ఇటూ ఊగుతూ దిగడం తొలి పాఠం. మణికట్టుకు దెబ్బలు ఎక్కువగా తగిలేది ఇందులోనే కాబట్టి పడేటప్పుడు పిడికిలి బిగించి ముంజేతుల మీద పడాలి, మణికట్టు తొడుగులు ఉంటే వేసుకోవాలి.

గొండోలా మొదటి దశ కొంగ్‌డూరీ వరకు, రెండో దశ దాదాపు 3,950 మీటర్ల ఎత్తున అఫర్వత్ వరకు వెళ్తుంది. చూడడానికి తప్పక వెళ్ళండి, స్కీలు మాత్రం కింద వదిలి వెళ్ళండి. అఫర్వత్ నుంచి దిగే వాలుల్లో చాలా భాగం చదును చేయని పర్వతం, హిమపాతాలు జరిగే చోటు. 2024 ఫిబ్రవరిలో అక్కడి హిమపాతంలో ఒక రష్యన్ స్కీయర్ ప్రాణాలు కోల్పోయారు. కొత్తవారి చోటు గుల్మార్గ్ మైదానం పక్కనున్న మెత్తని వాలులే. అక్కడ కూడా పాటించవలసిన నియమాలున్నాయి: మనకంటే కింద ఉన్నవారికే దారిలో హక్కు, పైనుంచి వచ్చేవారే తప్పుకోవాలి, ఆగేటప్పుడు మధ్యలో కాక అంచుకు చేరి ఆగాలి, మళ్ళీ బయలుదేరే ముందు పైకి చూడాలి. స్లెడ్జి బండ్లు, ఫొటోలు తీసుకునే కుటుంబాలు తిరిగే చోట శిక్షకుణ్ణి మరో మూలకు తీసుకెళ్ళమనండి.

ఈ ఎత్తులో తలనొప్పి, వికారం రావచ్చు, నీళ్ళు బాగా తాగాలి, మద్యం మానాలి. గుండె జబ్బు, ఉబ్బసం ఉన్నవారు బయలుదేరే ముందే వైద్యుణ్ణి కలవాలి. మామూలు ప్రయాణ బీమాల్లో చాలావాటికి సాహస క్రీడలు వర్తించవు, పత్రంలో స్కీయింగ్ అనే మాట ఉందో లేదో చదివి చూసుకోండి. మోకాలిలో టప్‌మన్న శబ్దం వినిపించి వాపు మొదలైతే ఆ రోజుతో ఆపివేయాలి, కట్టు కట్టుకొని కొనసాగించవద్దు.

చివరి పాఠం చివరి పావుగంటను జారడానికి కాకుండా మాట్లాడడానికి ఉంచుకోండి. మీ బూటు కొలత, స్కీ పొడవు, బైండింగ్ అంకె, ఏ వైపు మలుపు బాగా వస్తోంది, ఏ వైపు రావడం లేదు అన్న సంగతులు శిక్షకుణ్ణి అడిగి ఫోన్‌లో రాసుకుంటే, మరుసటి ఏడు గుల్మార్గ్‌లోనైనా ఔలీలోనైనా కొత్త శిక్షకుడికి ఆ నాలుగు వాక్యాలు చూపించి అక్కడి నుంచే మొదలుపెట్టవచ్చు. బైండింగ్ అంకెను మాత్రం ఆ ఏటి బరువును, బూటును బట్టి మళ్ళీ సరిచూపించుకోవాలి.