కాలవిద్యా పండితురాలి వివాదాస్పద జీవితాన్ని రాయడం ఎలా?

కల్పిత లోకంలోని కాలవిద్యా పండితురాలి, అంటే కాలం నడకను మార్చగల మాంత్రికురాలి, జీవితకథ రాయబూనేవారు చాలామంది ఆమె పుట్టుకతోను, చిన్ననాటి మహిమలతోను మొదలుపెడతారు. అంతకంటే ముందు ఆమె విద్యకు ఒక నియమాన్ని, ఆ నియమం వసూలు చేసే మూల్యాన్ని తేల్చుకోవడం మంచిది. వివాదం ఆమె పొగరు వల్ల పుడితే రెండు పేజీల్లో చల్లారిపోతుంది. ఆమె విద్యలోంచే పుడితే బతికినంతకాలం వెంటాడుతుంది.

ఉదాహరణకు, ఒకచోట మిగిల్చిన కాలం మరొకచోట ఖర్చు కాక తప్పదన్నది నియమం అనుకుందాం. ఇప్పుడు ఒక కాగితం మీద రెండు గడులు గీసి, ఒకదానిలో లోకం లెక్క ప్రకారం సంవత్సరాన్ని, రెండోదానిలో ఆమె వయసును వేసుకోవాలి. ఆ లోకపు శకం 210లో పుట్టిన పండితురాలు 234లో, తన 24వ ఏట, కాలం నెమ్మదిగా నడిచే గదిలోకి వెళ్లి, తన లెక్కలో రెండేళ్లు గడిపి, 264లో బయటికి వచ్చింది. ఆమెకు 26 ఏళ్లు; ఆమె వెళ్లేనాటికి 18 ఏళ్లున్న శిష్యుడికి 48. ఆమె మీద విచారణ జరిపే పీఠం మీద ఆ శిష్యుణ్ణే కూర్చోబెడితే, గురువును ఏ వరసన పిలవాలో తెలియని అతని ఇబ్బందే సగం కథ నడుపుతుంది. ఈ రెండు గడుల లెక్క తప్పితే మాత్రం, ఎంత చక్కని వచనమూ ఆ కథను కాపాడలేదు.

ఆమె మిగుల్చుకున్న 28 ఏళ్లు ఎక్కడ ఖర్చయ్యాయన్నది అసలు ప్రశ్న. అవి ఆమె బయటికి వచ్చిన రాత్రే, ఆమె మొహమైనా చూడని నలుగురి మీద తలా ఏడేళ్లుగా పడ్డాయనుకుందాం. సభలో ప్రత్యర్థి పండితుల చేత దీర్ఘోపన్యాసాలు చేయించే బదులు, ఒక తల్లి చేత కొడుకును ముందుకు నెట్టించి, "నిన్నటిదాకా వీడికి ఆరేళ్లు. ఇవాళ మూతి మీద నూగుమీసం. మధ్యలో ఏళ్లు ఎవరు తిన్నారు?" అని అడిగించండి. ఆ పిల్లవాడు మాట్లాడనక్కరలేదు. మోచేతుల దగ్గర చినిగిన పొట్టి చొక్కా కనిపిస్తే చాలు.

ప్రత్యర్థులను మూర్ఖులుగా చిత్రించడం నా దృష్టిలో ఇలాంటి రచనల్లో అన్నిటికంటే పెద్ద లోపం. నిజమైన శాస్త్ర వివాదాలు అలా ఉండవు. నాలుగు యుగాలు కలిసిన 43,20,000 ఏళ్ల మహాయుగాన్ని సంప్రదాయం 4:3:2:1 పాళ్లలో విభజిస్తే, ఖగోళ పండితుడు ఆర్యభటుడు 10,80,000 ఏళ్ల చొప్పున నాలుగు సమభాగాలు చేశాడు. భూమి తన చుట్టూ తాను తిరుగుతుందనీ అన్నాడు. క్రీ.శ. 628లో ఈ రెంటినీ తప్పుపట్టిన బ్రహ్మగుప్తుడు సాధారణుడు కాడు, సున్నతో గణితానికి నియమాలు చెప్పిన మేధావి. భూమి తిరిగితే ఎత్తైన వస్తువులు ఎందుకు పడిపోవన్న అతని ప్రశ్న ఆ కాలానికి సబబైనదే. ఆర్యభటుడి గ్రంథం ఆర్యభటీయం వెలువడిన క్రీ.శ. 499 నాటి నుంచి లెక్కిస్తే ఈ విమర్శ 129 ఏళ్ల తరువాతిది. ఆ తరువాత ఆర్యభటుణ్ణి అభిమానించే వ్యాఖ్యాతలే భూభ్రమణాన్ని చెప్పిన శ్లోకానికి వేరే అర్థం లాగారు. కాబట్టి మన పండితురాలి కథను కూడా ఆమె మరణంతో ముగించనక్కరలేదు. ఆమెను కాపాడబోయి ఆమె మాటనే మార్చేసిన శిష్యులకు ఒక అధ్యాయం ఇవ్వవచ్చు.

చదువు, వివాహం, బిరుదులు వంటివి నాలుగు వాక్యాల్లో తేల్చేయవచ్చు. నలుగురి మీదా భారం పడుతుందని ఆమెకు ముందే తెలుసా అన్నదాన్ని మాత్రం రచయిత తన మనసులో కచ్చితంగా నిర్ణయించుకుని, పాఠకుడికి ఆధారాలు మాత్రమే చూపాలి. ఆమె ప్రయోగాల పుస్తకంలో 28 అంకె రావలసిన చోట ఒక పేజీ లేదనీ, అది చిరిగిపోయినట్టు కాక, కుట్టు వెంబడి కత్తితో నీటుగా కోసినట్టు ఉందనీ రాసి, కోసినదెవరో చెప్పకుండా వదిలేయండి.