బండికి జమానతు ఉండే ముందు

మా బామ్మర్ది ట్రాక్టర్ ఇసుక కేసులో పట్టుబడితే దాన్ని విడిపించడానికి ములుగు కోర్టులో బాండు రాసి నేనే జమానతు (పూచీ) ఉన్నా. సంతకానికి పది నిమిషాలు పట్టింది, టెన్షన్ మాత్రం రెండేళ్లు.

అడిగినప్పుడు బండిని కోర్టు ముందుకు తేవాలన్నదే ఆ బాండు. అందులో రాసిన మొత్తానికి మీరు కూడా బాధ్యులే, కాబట్టి అంకె చూసి సంతకం పెట్టండి. ఇంజిన్, ఛాసిస్ నంబర్లు ఫోటో తీసుకోండి, బాండు నకలు దాచుకోండి. మావాడు ట్రాలీ అమ్మేసిన సంగతి నాకు నోటీసు వచ్చాకే తెలిసింది!

బాండు మాట తప్పారని కోర్టు నుంచి నోటీసు వస్తే బీరువాలో పెట్టొద్దు. డబ్బు ఎందుకు కట్టకూడదో చెప్పుకునే అవకాశం అదే. కారణం నచ్చితే కోర్టు కొంత మాఫీ చేయొచ్చు. కట్టకపోతే జరిమానాలాగే వసూలు చేస్తారు, అదీ కుదరకపోతే జమానతుదారుకు 6 నెలల దాకా సివిల్ జైలు. ఇదంతా క్రిమినల్ కేసుల విధానం చెప్పే పాత చట్టం సీఆర్‌పీసీలో 446 సెక్షన్, 2024 జులై 1 నుంచి దాని బదులు వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో 491. బాండు జప్తు (షరతు తప్పిందని కోర్టు తేల్చడం) కాకముందే జమానతుదారు చనిపోతే ఆయన ఆస్తి మీద భారం ఉండదు.

నేను మాత్రం బతికే ఉన్నా కదా, నర్సంపేట దాకా పోయి ట్రాలీ వెతికా. ఇంకో ట్రాక్టర్‌కు తగిలించి కోర్టుకు తెచ్చాం. డీజిల్ ఖర్చూ నాదే.