పెరటి జామకు మాగిన ఎరువు, జీవామృతం

కాపుకొచ్చిన జామచెట్టుకు ఏటా తొలకరిలో 20 కిలోల మాగిన పశువుల ఎరువులో కిలో వేపపిండి కలిపి వేయండి. కాండం మొదట్లో కుప్ప పోస్తే లాభం లేదు. మేత పీల్చే సన్నవేళ్లు ఎక్కువగా కొమ్మల చివర్ల కింద ఉంటాయి. మిట్టమధ్యాహ్నం నీడ అంచు పడేచోట చుట్టూ నాలుగు వేళ్ల లోతున పాదు తీసి, ఎరువు వేసి మన్ను కప్పండి. పచ్చిపేడ మాత్రం వద్దేవద్దు: కుళ్లేటప్పుడు పుట్టే వేడికి వేళ్లు మాడతాయి, వేరుపురుగు చేరుతుంది. మాగిన ఎరువు నల్లగా, పొడిపొడిగా, మట్టివాసనతో ఉంటుంది.

ఆపైన నెలకోసారి జీవామృతం, అంటే ఆవు పేడ, మూత్రం, బెల్లం, పిండి నీళ్లలో కలిపి పులియబెట్టిన ద్రవం. ప్రకృతి సేద్యాన్ని ప్రచారం చేసిన సుభాష్ పాలేకర్ చెప్పిన 200 లీటర్ల పాళ్లను పదోవంతు చేస్తే పెరటికి సరిపోతుంది: 20 లీటర్ల నీళ్లు, కిలో నాటు ఆవు పేడ, లీటరు మూత్రం, 200 గ్రాముల బెల్లం, 200 గ్రాముల శనగపిండి, గట్టు మీది మట్టి గుప్పెడు. పిండిని ముందు కొద్ది నీళ్లలో జారుగా కలుపుకోండి, లేకుంటే ఉండలు కట్టి అడుగున కుళ్లుతుంది. కుళాయి నీళ్లయితే క్లోరిన్ పోయేలా ఒక రాత్రి మూత లేకుండా ఉంచాలి.

డ్రమ్మును నీడలో పెట్టి, గోనెపట్టా కప్పి, రోజూ ఉదయం, సాయంత్రం కర్రతో బాగా తిప్పండి. 48 గంటలకు సిద్ధం, వారంలో వాడేయాలి. పులిసిన వాసన మంచిదే. మురుగు కంపు కొడితే గాలి అందలేదన్నమాట, అది పోయకండి.

చెట్టుకు 4, 5 లీటర్లు, సాయంత్రం, తడి నేల మీద పోసి ఎండుటాకులు కప్పండి. ఆకు గుబురుగా ముదురుపచ్చగా పెరిగి పూత రాకపోతే నత్రజని ఎక్కువైనట్టే, కొన్నాళ్లు ఆపండి.