ఇంట్లో ఆక్సిజన్ పరీక్ష – 4వ పాఠం: ఆరు నిమిషాల నడక

గత పాఠం చదివి పల్స్ ఆక్సీమీటరు (వేలికి తగిలించుకుంటే రక్తంలో ఆక్సిజన్ శాతం చూపే పరికరం) వాడినవారిలో చాలామంది ఒకేచోట తడబడ్డారని మీ ప్రశ్నలను బట్టి అర్థమైంది కనుక, నడకకు ముందు ఆ చిక్కు తీర్చుకుందాం.

ప్రొద్దుటూరు పాఠకురాలు ఒకరు తమ జేజికి 86 వచ్చిందని అర్ధరాత్రి ఆటోలో ఆసుపత్రికి తీసుకుపోతే, అక్కడ 98 చూపిందట. పరికరంలో లోపం లేదు. జేజి మంచం మీద ఉండగా, మనవరాలు ఎదురుగా నిలబడి అంకెలను తలకిందులుగా చదివింది. 98ని తిరగేస్తే 86 అవుతుంది. ఇలా జరిగితే పోయేది ఆటో ఖర్చు, ఒక రాత్రి నిద్ర. కానీ నిజంగా 86 ఉన్న మనిషిని 98 అనుకొని పడుకోబెడితే ప్రాణానికే ముప్పు. 89 తిరగబడితే 68 అవుతుంది, 96 మాత్రం ఎటు చూసినా 96గానే ఉంటుంది కాబట్టి, ఒకపూట సరిగా చదివామని ధీమా పడకూడదు. శాతం గుర్తు, ‘ఎస్‌పీఓ2’ అన్న, ఆక్సిజన్ శాతాన్ని సూచించే అక్షరాలు నిటారుగా కనబడిన తరువాతే అంకె చదవాలి. మా ఇంటి పరికరానికి పైఅంచున తెల్ల ప్లాస్టరు ముక్క అంటించాను. తెర తనంతట తాను తిరిగే పరికరాలకు మాత్రం ఈ ఉపాయం పనికిరాదు.

ఇక నడక. కూర్చున్నప్పుడే 94 కంటే తక్కువ ఉంటే నడవకుండా 104కు ఫోన్ చేయండి, ఆయాసం ఎక్కువగా ఉంటే 108ని పిలవండి. ఉబ్బసం ఉన్నవారు ఈ పరీక్ష చేసుకోకూడదు. మిగిలినవారు పరికరం వేలికి ఉంచుకొని, చదునైన బండల నేల మీద మామూలు వేగంతో ఆరు నిమిషాలు, అరవై దాటినవారు మూడు నిమిషాలు నడిచి, ఆగి, అంకె నిలకడగా నిలిచాక చదవాలి. అంకె మూడు గానీ అంతకంటే ఎక్కువ గానీ పడిపోయినా, 94 కంటే తగ్గినా, కళ్లు తిరిగినా వైద్యునికి చెప్పాలి. కూర్చున్నప్పుడు ఎలాగో నెట్టుకొచ్చే ఊపిరితిత్తుల బలహీనత నడకలోనే బయటపడుతుంది. మధ్యాహ్నం మిద్దె మీద మాత్రం నడవకండి, మన కడప ఎండకు ఆరోగ్యవంతులూ రొప్పుతారు.

అభ్యాసం: మూడు రోజులు, పూటపూటకూ, ఇంట్లో ఆరోగ్యంగా ఉన్న ఒకరి అంకెను ఇద్దరు వేర్వేరు వైపుల నుంచి చదివి, ఒకరికొకరు చెప్పుకోకుండా వేర్వేరు కాగితాల మీద రాయాలి. పది వేళ్లూ మార్చి చూసి, నచ్చిన అంకె రాసుకోవద్దు. కాగితాలు కలవని పూట ఎవరు తలకిందులుగా చదివారో తేల్చి, ఆ అంకె పక్కనే రాసి ఉంచండి.