కీబోర్డు హార్మొనీ – ఆరో పాఠం: బేస్ మెట్లెక్కుతుంటే కుడిచేతికి పనేంటి?

గత పాఠంలో సి, ఎఫ్, జి కార్డుల్ని (ఒకేసారి కలిపి వాయించే స్వరాల గుంపుల్ని) ఇన్వర్షన్లతో, అంటే కార్డులోని స్వరాల వరస కిందామీదా మార్చి, కుడిచేయి పెద్దగా జరగకుండా వాయించడం నేర్చుకున్నాం. ఈపాటికి అవి చేతికి పట్టుబడి ఉండాలి. ఇంకా ఇన్వర్షన్ కోసం వెతుక్కుంటూ ఆగిపోతుంటే ఈ పాఠాన్ని ఒక వారం పక్కన పెట్టేయండి, తొందరేం లేదు.

ఇప్పటిదాకా ముందు కార్డు అనుకుని, దాని రూట్‌ని (కార్డుకి పేరిచ్చే స్వరాన్ని) ఎడమచేత్తో వేస్తూ వచ్చాం. ఈసారి వరస తిరగేద్దాం. ఎడమచేయి బేస్‌ని, అంటే అట్టడుగు స్వరాన్ని, వాయిస్తూ స్కేల్ (స నుంచి పై స దాకా స్వరాల వరస) మీద నడుస్తూ పోతుంది, అది ఏ మెట్టు మీదుందో చూసుకుని కుడిచేయి తోడు వెళ్తుంది. ఇంప్రొవైజేషన్ (అప్పటికప్పుడు అల్లి వాయించడం) మొదలుపెట్టేవాళ్లకు కార్డుల పట్టీ బట్టీ పట్టడం కన్నా ఇదే మేలని నా అభిప్రాయం. కార్డు పేరు గుర్తు తెచ్చుకునే టెన్షన్‌లో ఉన్నంతసేపూ మనం వాయించేది మనకే వినపడదు.

ఇదేం కొత్త పద్ధతి కాదు. 18వ శతాబ్దంలో నేపుల్స్ సంగీత పాఠశాలల్లో పిల్లల ముందు ఒక్క బేస్ లైన్ పెట్టి, మిగతాదంతా కీబోర్డు మీద అప్పటికప్పుడు అల్లమనేవారు. అలాంటి బేస్‌ని పార్టిమెంటో అంటారు. స్కేల్‌లో ఏ బేస్ స్వరం మీద ఏం పడాలో చెప్పే సూత్రానికి ‘రూల్ ఆఫ్ ది ఆక్టేవ్’ అని పేరు (ఆక్టేవ్ అంటే స నుంచి పై స దాకా ఉన్న దూరం). పారిస్‌లో థియోర్బో (పొడుగు మెడ ఉన్న పాతకాలపు తీగ వాయిద్యం), గిటార్ వాయించే ఫ్రాన్స్వా కాంపియోన్ 1716లో దాన్ని అచ్చు వేయించాడు. పూర్తి రూల్‌లో కొన్ని మెట్ల మీద నాలుగేసి స్వరాలు వస్తాయి. మనం మూడింటితో సరిపెట్టుకుందాం: ఎడమచేతికి ఒకటి, కుడిచేతికి రెండు. ఇలా ఒక్కో స్వరం నడిచే దారిని వాయిస్ అంటారు.

పై వాయిస్: సి – బి – సి – డి – డి – ఎఫ్ – ఎఫ్ – ఇ
మధ్య వాయిస్: ఇ – ఎఫ్ – జి – ఎ – బి – సి – డి – సి
బేస్: సి – డి – ఇ – ఎఫ్ – జి – ఎ – బి – సి

బేస్‌ని మిడిల్ సికి (కీబోర్డు నడిమి సికి) ఒక ఆక్టేవ్ కింద మొదలుపెట్టండి. కుడిచేతి బొటనవేలు మిడిల్ సి పైనున్న ఇ మీద, చిటికెనవేలు ఆ పై సి మీద. అన్నీ తెల్ల మీటలే.

ముందు పై వాయిస్ వదిలేసి కింది రెండు లైన్లే వాయించండి. బేస్‌తో పాటు మధ్య వాయిస్ కూడా మెట్టు మెట్టుకీ ఎక్కుతుంది. రెండింటి మధ్య దూరం ఎప్పుడూ ఒక ఆక్టేవ్, ఆపైన ఒక థర్డ్ (సి నుంచి ఇ దాకా లాగా, మూడో స్వరం దాకా ఉన్న దూరం). ఆఖరి మెట్టు దగ్గర మాత్రం మధ్య వాయిస్ డి నుంచి సికి దిగుతుంది. ఇది చేతిలో కూర్చుంటే సగం పని అయినట్టే. పై వాయిస్‌ని తర్వాత కలుపుకోవచ్చు.

కలిపాక ఒకచోట మీకు అనుమానం రావాలి. బేస్ ఎఫ్ మీదుంటే పైన ఎ, డి ఎందుకు? ఎఫ్ కార్డు కావాలంటే ఎ, సి కదా? అదీ వాయించి చూడండి. ఎఫ్ మీద సి, తర్వాత జి మీద డి. బేస్, పై వాయిస్ రెండూ ఒకే వైపు, ఫిఫ్త్ దూరంలోనే (కింది స్వరం నుంచి లెక్కిస్తే ఐదో స్వరం) జరిగాయి. పారలల్ ఫిఫ్త్స్ అనేది వీటినే. చెవి పెట్టి వింటే రెండు వాయిస్‌లు అతుక్కుపోయి ఒకటే అయినట్టుంటుంది. సి బదులు ముందే డికి వెళ్లి కూర్చుంటే, బేస్ కదిలినప్పుడు పై వాయిస్ అక్కడే ఆగి ఉంటుంది, రెండూ విడివిడిగా వినిపిస్తాయి. బేస్ ఎ మీదకు వచ్చినప్పుడూ ఇదే చిక్కు. ఎ మైనర్ కార్డు వేద్దామని పైన ఇ పెడితే మళ్లీ ఫిఫ్త్ పక్కన ఫిఫ్త్ పడుతుంది. అందుకే అక్కడ ఎఫ్.

థియరీ చదివినవాళ్లు రెండో మెట్టు దగ్గర ఆగుతారు. బేస్ డి మీదున్నప్పుడు మధ్యలోని ఎఫ్ స్వరం జి కార్డుకి సెవెన్త్ (జి నుంచి లెక్కిస్తే ఏడో స్వరం) కాబట్టి ఇకి దిగాలి కదా అంటారు. నిజమే, కానీ ఆ ఇ మీదకు బేసే వస్తోంది. కాబట్టి ఎఫ్ పైకి వెళ్లినా ఏ లోటూ వినపడదు.

ఇక అల్లిక. మొదటిది, ఆలస్యం. బేస్ సి నుంచి డికి వెళ్లినా పై సిని వదలకండి. డి, సి కలిసి కాస్త గీసుకుంటాయి. ఒక బీట్ అలాగే ఉంచి, అప్పుడు బికి దించండి. దీన్ని సస్పెన్షన్ అంటారు. సి గట్టిగా, బి మెల్లగా పడాలి. చాలామంది దీన్ని తిరగేసి వాయించి, ఎఫెక్ట్ రాలేదంటారు. ఆఖరి మెట్టులోనూ ఇలాగే చేయొచ్చు: బేస్ సికి చేరినా పైన ఎఫ్‌ని పట్టుకుని ఉండి, తర్వాత ఇకి దించండి.

రెండోది, ఖాళీ నింపడం. పై వాయిస్ డి నుంచి ఎఫ్‌కి ఒక్కసారి దూకుతుంది. బేస్ జి మీదున్నప్పుడే డి, ఇ అని రెండు చిన్న స్వరాలు వాయించి ఎఫ్‌కి చేరండి. మధ్యలో వచ్చిన ఇ పాసింగ్ నోట్. అన్నిచోట్లా ఇలా నింపేస్తే మళ్లీ ఊపిరాడదు, ఒకసారికి ఒకచోటు చాలు.

మూడోది, నాకు బాగా ఇష్టమైనది: మధ్యలో ఆగడం. బేస్ సి, డి, ఇ, ఎఫ్ దాటి జి మీద ఆగిపోండి. ప్రశ్న అడిగి ఊరుకున్నట్టుంటుంది. ఒక ఊపిరి తీసుకుని మళ్లీ మొదట్నుంచి ఎక్కండి, కానీ ఈసారి జి నుంచి బేస్‌ని నేరుగా కింది సికి దించేయండి. కుడిచేతిలో బి, డి పక్క మీటలకే జరిగి సి, ఇ అవుతాయి. ప్రశ్న, జవాబు రెండూ వచ్చేశాయి. వీటిలోనే సస్పెన్షన్లు, పాసింగ్ నోట్లు చోటు మార్చి మార్చి పెట్టి, ఆగకుండా అయిదు నిమిషాలు వాయించండి. తప్పు మీట పడితే వెనక్కి వెళ్లకండి, బేస్‌ని మాత్రం నడవనివ్వండి.

ఈ వారం ఇదంతా జి మేజర్‌లోనూ చేయండి. అక్కడ ఎఫ్ వచ్చిన ప్రతిచోటా ఎఫ్ షార్ప్ అని మర్చిపోకూడదు. స్వరాల పేర్లు అడ్డొస్తుంటే సరిగమలుగా అనుకోండి, స నుంచి పై స దాకా మెట్ల లెక్క మారదు.

వచ్చే పాఠంలో బేస్ దిగుతుంది. ఎక్కేటప్పటి స్వరాలు దిగేటప్పుడు అన్నీ పనికిరావు. ముఖ్యంగా ఎ నుంచి జికి దిగేచోట సి మేజర్‌లో లేని ఎఫ్ షార్ప్ వచ్చి కూర్చుంటుంది. అది ఎందుకో అప్పుడు చూద్దాం. ఈలోగా ఎ, సి, ఎఫ్ షార్ప్ కలిపి నొక్కి, జి, బి, జికి వెళ్లి విని ఉంచుకోండి.