బ్యాంకు దోపిడీ కేసులో శిక్ష ఎంత ఉంటుందో ఎఫ్‌ఐఆర్ చూసి తెలుసుకోవడం ఎలా

బెంగళూరులో బతుకుతున్న కొడుకు పేరు బ్యాంకు దోపిడీ కేసులో చేరిందని తెలియగానే అనంతపురం నుంచో, మదనపల్లె నుంచో రాత్రి బస్సెక్కి వచ్చే తల్లిదండ్రులు న్యాయవాదిని మొట్టమొదట అడిగే మాట "ఎన్నేళ్ళు పడుతుందండీ?" అనే. ఎంత డబ్బు పోయిందో దాన్నిబట్టి శిక్ష ఉంటుందని వారిలో చాలామంది అనుకుంటారు. చట్టం మొదట చూసేది ఆ డబ్బు ఎలా పోయిందన్నది: భయపెట్టి తీసుకున్నారా, ఎందరు కలిసి చేశారు, ఆయుధం ఎవరి చేతిలో ఉంది, ఎవరికైనా దెబ్బ తగిలిందా. వీటికి పోలీసులు మొదట ఇచ్చిన జవాబు ఎఫ్‌ఐఆర్‌లోనే ఉంటుంది కాబట్టి, ఎవరికైనా ఫీజు చెల్లించే ముందు దాని నకలు సంపాదించి చదవడం మంచిది.

కర్ణాటకలో ఎఫ్‌ఐఆర్ సాధారణంగా కన్నడంలో ఉంటుంది. తెలుగు చదవగలిగినవారు కాస్త ఓపిక పడితే కన్నడ అక్షరాలను కూడబలుక్కోగలరు. అందులో మూడు మాటల కోసం వెతకండి. కళవు అంటే దొంగతనం, సులిగె అంటే దోపిడీ, దరోడె అంటే ఐదుగురు లేదా అంతకంటే ఎక్కువమంది కలిసి చేసిన బందిపోటు దోపిడీ. మన పత్రికలు మూడింటినీ "బ్యాంకు దోపిడీ" అనే రాస్తాయి గాని, చట్టంలో ఇవి మూడు వేర్వేరు నేరాలు, వేర్వేరు శిక్షలు. తరువాత నేరం జరిగిన తేదీ చూడండి. 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత అమలులో ఉంది, కింద చెప్పే సెక్షన్లు దానివే. అంతకు ముందు జరిగిన నేరమైతే పాత శిక్షాస్మృతి సెక్షన్లే, అంటే 392, 395, 397 వంటివే వర్తిస్తాయి.

రాత్రివేళ గోడకు కన్నం వేసి, ఎవరినీ బెదిరించకుండా లాకర్లు ఖాళీ చేస్తే అది దోపిడీ కాదు, దొంగతనమే. అంతమాత్రాన తేలికైన కేసు అనుకోకూడదు. సొత్తును భద్రపరిచే భవనంలో దొంగతనానికి 305వ సెక్షన్ కింద ఏడేళ్ళ వరకు, దొంగతనం కోసం రాత్రిపూట భవనాన్ని పగలగొట్టి చొరబడినందుకు 331(4) కింద పద్నాలుగేళ్ళ వరకు జైలు ఉండవచ్చు. అదే పట్టపగలు కౌంటరు దగ్గర నిలబడి ప్రాణభయం చూపి నగదు తీసుకుంటే 309(4) కింద పదేళ్ళ వరకు కఠిన కారాగారం, జరిమానా. ప్రయత్నించి విఫలమైతే 309(5) కింద ఏడేళ్ళ వరకు. ఆ పెనుగులాటలో గార్డుకో క్యాషియరుకో ఉద్దేశపూర్వకంగా దెబ్బ తగిలిస్తే 309(6) వచ్చి చేరుతుంది. అప్పుడు గరిష్ఠ శిక్ష యావజ్జీవం.

ఐదుగురు అన్న అంకె దగ్గర కుటుంబాలు ఎక్కువగా పొరబడతాయి. "మావాడు లోపలికి పోనేలేదు, బయట కారులో కూర్చున్నాడంతే" అని అంటారు. కాని అక్కడే ఉండి సాయపడుతున్నవారు కూడా ఆ లెక్కలోకి వస్తారు. నలుగురు లోపల ఉండి, పారిపోవడానికి ఒకరు బండి సిద్ధంగా పెట్టుకుంటే ఆ అయిదో మనిషి వల్లనే కేసు దరోడెగా మారి, 310(2) కింద అందరికీ యావజ్జీవం లేదా పదేళ్ళ వరకు కఠిన శిక్ష పడే అవకాశం ఏర్పడుతుంది. వారిలో ఒక్కరు హత్య చేసినా 310(3) కింద మిగిలిన నలుగురూ మరణశిక్ష దాకా బాధ్యులే. బ్యాంకు దాకా వెళ్ళకుండా దానికి సన్నాహాలు చేస్తూ దొరికినా 310(4) కింద పదేళ్ళ వరకు ఉంటుంది.

ఎఫ్‌ఐఆర్‌లో మారణాయుధానికి సంబంధించిన 311 కనిపిస్తే ఫిర్యాదు కథనాన్ని రెండుసార్లు చదవండి. పైన చెప్పిన సెక్షన్లలో చాలావాటికి గరిష్ఠ పరిమితే ఉంది, ఎంత తగ్గించాలన్నది న్యాయమూర్తి విచక్షణ. దీనికి మాత్రం ఏడేళ్ళ కనీస శిక్ష ఉంది. మారణాయుధాన్ని ప్రయోగిస్తే గాని వర్తించదని అనుకోవద్దు. 1975లో ఫూల్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు, బాధితునికి కనిపించేలా కత్తి పట్టుకుని భయపెట్టినా అది వాడినట్టేనని చెప్పింది. అదే తీర్పు, ఈ కనీస శిక్ష ఆయుధం వాడిన మనిషికే గాని పక్కనున్నవారికి కాదని కూడా చెప్పింది. ఆయుధం ఎవరి చేతిలో ఉందని ఫిర్యాదిదారు చెప్పాడో గుర్తుపెట్టి న్యాయవాదికి చూపండి. నా దృష్టిలో మొత్తం కాగితంలో ఇంతకంటే విలువైన వాక్యం లేదు. తుపాకి ఉంటే ఆయుధాల చట్టం కింద వేరే శిక్ష కూడా ఉంటుంది.

అరెస్టు చేసిన 24 గంటల్లోగా మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలి. అరెస్టుకు కారణాలను నిందితునికి అర్థమయ్యే భాషలో రాతపూర్వకంగా ఇవ్వాలని, వెంటనే వీలుకాకపోతే మేజిస్ట్రేటు ముందుకు తీసుకువెళ్ళడానికి కనీసం రెండు గంటల ముందైనా ఇవ్వాలని 2025 నవంబరులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. కన్నడం రాని తెలుగు కూలీకి ఇది ఎంత పెద్ద రక్షణో వేరుగా చెప్పనక్కరలేదు. మావాడికి తెలుగులో ఇచ్చారా అని మొదటి రోజే అడగండి. యావజ్జీవానికి అవకాశమున్న కేసుల్లో చార్జిషీటుకు 90 రోజుల గడువు. అది దాటితే బెయిలు హక్కుగా వస్తుంది గాని, చార్జిషీటు పడేలోగా దరఖాస్తు చేసుకోకపోతే ఆ హక్కు చేజారిపోతుంది. విచారణ ఖైదీగా శిక్షాకాలంలో సగం గడిపితే విడుదల చేసే నిబంధన యావజ్జీవం పడగల నేరాలకు వర్తించదు కాబట్టి, దరోడె కేసులో దానిపై ఆశ పెట్టుకోవద్దు.

అన్నిటికంటే గట్టిగా చెప్పవలసింది ఇంట్లోవాళ్ళ గురించి. పోలీసుల ముందు చేసిన ఒప్పుకోలు సాక్ష్యంగా చెల్లదు గాని, ఆ మాటను బట్టి నగదు దొరికితే దానికి సంబంధించినంత వరకు చెల్లుతుంది. అందుకే పోలీసులు డబ్బు కోసం ఊరి ఇంటిదాకా వస్తారు. దరోడె సొమ్మని తెలిసి, లేదా అలా నమ్మడానికి కారణముండి సంచి దాచిపెట్టిన అక్కకో బావమరిదికో 317(3) కింద యావజ్జీవం దాకా శిక్ష ఉంటుంది. శిక్ష తప్పించాలని దోపిడీ చేసినవారికి ఆశ్రయమిస్తే 254 కింద ఏడేళ్ళ వరకు. ఆ సెక్షన్ నుంచి మినహాయింపు భార్యకు, భర్తకు మాత్రమే ఉంది. కన్నతల్లికి లేదు. అన్నం పెట్టి అటక మీద దాచిన తల్లి తాను చేసింది నేరమని అనుకోదు. ఈ సంగతి ఆమెకు ముందుగా చెప్పేవారు ఉండాలి.

సొమ్మంతా తిరిగి కట్టేసి బ్యాంకుతో రాజీ పడితే కేసు పోతుందని ఎవరైనా డబ్బు అడిగితే ఇవ్వకండి. దోపిడీ రాజీపడే నేరాల జాబితాలో లేదు. రికవరీ అయిన సొత్తు శిక్ష ఖరారులో కొంత ఉపకరించవచ్చు, అంతే. న్యాయవాదిని పెట్టుకునే శక్తి లేకపోతే ఉచిత న్యాయసహాయ నంబరు 15100కు ఫోన్ చేయండి, లేదా బెంగళూరు సిద్దయ్య రోడ్డులో రాష్ట్ర న్యాయసేవల సంస్థ ఉండే న్యాయ దేగుల భవనానికి వెళ్ళండి. కస్టడీలో ఉన్న మనిషికి ఆదాయ పరిమితితో పని లేకుండా ఉచిత న్యాయసహాయం పొందే హక్కు 1987 నాటి చట్టం ఇచ్చింది.

శిక్ష పడితే, ఆ కేసులో అంతకుముందు పరప్పన అగ్రహారంలోని బెంగళూరు కేంద్ర కారాగారంలో రిమాండులో గడిపిన రోజులన్నీ నిర్ణీత కాలపు శిక్షలోంచి తీసివేస్తారు. రిమాండు తేదీలు రాసిపెట్టుకుని తీర్పు రోజున సరిచూసుకోండి. రెండేళ్ళకు తగ్గని జైలుశిక్ష పడినవారికి ఆ తరువాత ఐదేళ్ళపాటు పాస్‌పోర్టు నిరాకరించవచ్చు. సెషన్స్ కోర్టు తీర్పుపై హైకోర్టులో అప్పీలుకు 60 రోజుల గడువు ఉంటుంది. తీర్పు నకలు ఖైదీకి ఉచితంగా ఇవ్వాలి. బయట ఎవరూ లేనివారు అప్పీలు కాగితాలను జైలు అధికారి చేతికే ఇచ్చి కోర్టుకు పంపించవచ్చు.