గుడిలోంచి పోయిన విగ్రహం జాడ తీయాలంటే

విగ్రహం మన ఊరిదేనని రుజువు చేసేవి దాని మీదున్న దెబ్బలే. విరిగిన చిటికెన వేలు, పీఠం మూల చెక్కు లేచిన చోటు, పోతలో పడిన చిల్లు రెండు విగ్రహాలకి ఒకేలా ఉండవు. శ్రీముఖలింగం చుట్టుపక్కల పల్లెల్లో, విజయనగరం జిల్లా చిన్న గుళ్లలో ఫొటోలు లేకపోలేదు. కానీ చాలావరకు అలంకారంలో తీసినవే! పట్టుబట్ట, దండలు, గంధం కింద ఒళ్లంతా దాగిపోతుంది.

అందుకే అభిషేకం రోజు, బట్ట మార్చే వేళ, అర్చకుల అనుమతితో తీయండి. ముందువైపు గడప బయటి నుంచే తీయొచ్చు. వెనక, పక్కలు, పీఠం అర్చకుల చేతే తీయించాలి. దెబ్బ ఉన్న ప్రతి చోటా దగ్గరగా ఒకటి. టార్చి ఎదురుగా వేస్తే అంతా చదునుగా వస్తుంది. పక్కనుంచి ఏటవాలుగా పట్టండి, సన్నని గీత కూడా నీడ వేస్తుంది. ఎత్తు మిల్లీమీటర్లలో పీఠంతో ఒకసారి, పీఠం లేకుండా ఒకసారి రాయండి. అక్షరాలుండే పీఠాన్నే దొంగలు తరచుగా కోసేస్తారు.

విగ్రహం పోతే, అదే రోజు ఎఫ్‌ఐఆర్. పరువు పోతుందని కొత్త విగ్రహం పెట్టి ఊరుకుంటే, ఏళ్ల తర్వాత విదేశీ మ్యూజియం ఫిర్యాదు కాగితం అడిగినప్పుడు చూపడానికేమీ ఉండదు. గుడి వివరాలు, ఆస్తులు నమోదు చేసే దేవాదాయ శాఖ 43 రిజిస్టరులో విగ్రహం వివరాలుంటే ఆ పేజీ ధ్రువీకృత నకలు జతచేయించండి. దేశదేశాల పోలీసుల సంస్థ ఇంటర్‌పోల్ ఉంచే చోరీ కళాఖండాల జాబితాలోకి మనం నేరుగా ఎక్కించలేం, పోలీసుల నుంచి సీబీఐ ద్వారా వెళ్లాలి. ఆ జాబితాలో వెతకడం మాత్రం ఐడీ-ఆర్ట్ అనే ఉచిత యాప్‌లో ఎవరైనా చేయొచ్చు.

వేలం కేటలాగులో పోలిన విగ్రహం కనబడితే చేతులు మారిన క్రమం చదవండి. నాజీలు దోచిన చిత్రాలకి 1933–45 మధ్య ఎవరి దగ్గరున్నాయో తెలియని ఖాళీ కోసం వెతుకుతారు. మన విగ్రహాలకి గుడి వదిలిన రోజు నుంచి మొదటి అమ్మకం దాకా ఉన్నదే ఆ ఖాళీ. ‘ప్రైవేటు సేకరణ, 1970కి ముందు’ అన్న ముక్కకి లొంగిపోకండి. 1970 అంటే సాంస్కృతిక వస్తువుల దొంగ రవాణాని అడ్డుకునే యునెస్కో ఒప్పందం వచ్చిన ఏడాది, అంతే. మన దగ్గర పురావస్తువు ఎగుమతికి లైసెన్సు ఉండాలని 1947 చట్టమే చెప్పింది. ఆ లైసెన్సు చూపమని పోలీసుల ద్వారా అడిగించండి.

1961లో నలంద మ్యూజియంలో పోయిన కంచు బుద్ధుడు 2018లో లండన్ నుంచి తిరిగొచ్చాడు. పాత ఫొటోతో పోల్చి చూడబట్టే గుర్తుపట్టగలిగారు. కాబట్టి ఫొటోలు ఫోన్లోనే వదిలేయొద్దు. ప్రింట్లు తీసి, వెనక తేదీ, తీసినవారి సంతకం పెట్టి, ఒకటి గుడిలో, ఒకటి పంచాయతీలో, ఒకటి దేవాదాయ కార్యాలయంలో ఉంచండి.